తాబేళ్లను చీకట్లోనే ఎందుకు చిత్రీకరిస్తారు?

ఒడిశాలో బరంపురానికి దగ్గర్లో, గంజాం జిల్లాలోని రుషికుల్య నది సముద్రంలో కలిసేచోట, ఆలివ్ రిడ్లీ తాబేళ్లు వేలాదిగా ఒడ్డెక్కి గుడ్లు పెడతాయి. ఎక్కువగా రాత్రిపూటే! మరి కెమెరామన్ లైటెందుకు వేయడు? వెలుగు పడితే తల్లి తాబేలు బెదిరి, గుడ్లు పెట్టకుండానే వెనుదిరగవచ్చు. అందుకే అది వెనక కాళ్లతో ఇసుకలో గుంత తవ్వి, గుడ్లు పెట్టడం మొదలెట్టేదాకా అతను దగ్గరికి పోడు. ఇన్‌ఫ్రారెడ్ కెమెరాతో చీకట్లోనే తీస్తాడు. సుమారు 50 రోజులకు పిల్లలు బయటికొస్తాయి. రాత్రి సముద్రం మీది ఆకాశమే కాస్త వెలుగ్గా ఉంటుంది కాబట్టి అటే పరుగెడతాయి; టార్చి వేస్తే దారి తప్పుతాయి.

వన్యప్రాణి చిత్రాల దర్శకుడు శేఖర్ దత్తాత్రి 2003లో ఒడిశా తాబేళ్ల మీద ‘ది రిడ్లీస్ లాస్ట్ స్టాండ్’ అనే చిత్రం తీశారు. నా దృష్టిలో వన్యప్రాణులను చిత్రీకరించే వృత్తికి మొదటి అర్హత ఓపికే. మీరు ఆ ఒడ్డుకు వెళితే ఫోన్ లైటు వేయకండి.