వార్తల్లో పదం: ఆర్కైవ్ ఫైల్

అనేక ఫైళ్లను కుదించి ఒకే మూటగా కట్టినదే ఆర్కైవ్ ఫైల్. 1989లో ఫిల్ కాట్జ్ జిప్‌ను, 1993లో యూజీన్ రోషల్ రార్‌ను తెచ్చారు. కంప్యూటర్ గేమ్‌లు ఎన్నో నేటికీ ఈ రూపంలోనే చేతులు మారుతున్నాయి. డౌన్‌లోడ్ చేసి, విప్పి, సెటప్ నొక్కితే చాలనుకుంటాం. కానీ విప్పడంలోనే ముప్పు ఉండొచ్చని ఆర్కైవ్‌లను విప్పే సాఫ్ట్‌వేర్ విన్‌రార్ ఉదంతం చెబుతోంది. 2019లో సైబర్ భద్రతా సంస్థ చెక్ పాయింట్ పరిశోధకులు బయటపెట్టిన లోపం అప్పటికి 19 ఏళ్లకు పైగా అందులో దాగి ఉంది. మనం ఒక ఫోల్డర్‌లో విప్పుతుంటే, హానికర ఫైల్ గుట్టుగా విండోస్ స్టార్టప్ ఫోల్డర్‌లో చేరేది. కంప్యూటర్ మళ్లీ ఆన్ చేయగానే తనంతట తానే నడిచేది. 2025లో అలాంటి మరో లోపాన్ని 7.13 వెర్షన్‌లో సరిదిద్దారు. విన్‌రార్ దానంతటది అప్‌డేట్ కాదు కనుక పాత వెర్షన్ వాడేవారికి ఆ ముప్పు తప్పలేదు.

యాంటీవైరస్ ఉందిగా అని కొందరంటారు. పాస్‌వర్డ్ పెట్టిన ఆర్కైవ్ లోపల ఏముందో అది చూడలేదు. విప్పాక పట్టుకోగలదు, అందుకే పైరేటెడ్ గేమ్‌లతో వచ్చే సూచనలు తరచూ ముందుగా యాంటీవైరస్‌ను ఆపమంటాయి. ఆ మాట కనిపిస్తే అక్కడే ఆగిపోవాలి. గేమ్ కొనే స్తోమత లేదన్నది న్యాయమైన బాధే. అయితే ఇచ్.ఐఓ వంటి వేదికల్లో చిన్న తయారీదారులు ఉచితంగా, చట్టబద్ధంగా జిప్ ఫైళ్లలోనే గేమ్‌లు ఇస్తున్నారు. కాబట్టి ఆర్కైవ్‌ను తప్పుపట్టి లాభం లేదు. దాన్ని ఎవరు తయారుచేశారో తెలుసుకోవడం, విప్పే సాఫ్ట్‌వేర్‌ను తాజాగా ఉంచుకోవడం మన బాధ్యత.