దెబ్బ మానింది.. కానీ మూత్రం ధార సన్నబడిందా? కేస్ షీట్‌లో ‘ఎన్35’ అంటే ఇదే!

మిర్చి టిక్కీల లోడు మీద నుంచి కాలు జారి లారీ అంచు మీద పడటం, బైక్ స్కిడ్ అయి పెట్రోల్ ట్యాంకు కాళ్ల మధ్య బలంగా తగలటం.. గుంటూరు పక్కనే ఉన్న నల్లపాడు లాంటి చోట్ల ఇలాంటి దెబ్బలు కొత్తేం కాదు. వారం పది రోజుల్లో నొప్పి తగ్గిపోతుంది, మనిషి మళ్లీ పనిలోకి వెళ్లిపోతాడు. అసలు సమస్య ఆ తర్వాతే మొదలవుతుంది. నెలలకో, ఒక్కోసారి ఏళ్లకో మూత్రం ధార సన్నబడుతుంది. ముక్కితే గానీ రాదు. వచ్చినా పూర్తిగా అయిపోయినట్టు ఉండదు. సిగ్గుతో చాలామంది ఇంట్లో కూడా చెప్పరు.

దీన్నే డాక్టర్లు యురెత్రల్ స్ట్రిక్చర్ అంటారు. దెబ్బ తగిలిన చోట గాయం మానేటప్పుడు మచ్చ కణజాలం ఏర్పడి, మూత్రమార్గం లోపల దారి ఇరుకైపోతుంది. కాళ్ల మధ్య దెబ్బ తగిలితే సాధారణంగా బల్బార్ భాగం దెబ్బతింటుంది. రోడ్డు ప్రమాదంలో కటి ఎముక విరిగితే మాత్రం ఇంకాస్త లోపలున్న మెంబ్రేనస్ భాగానికి ముప్పు. రెండింటికీ ఆపరేషన్ ఒకేలా ఉండదు.

మరి కోడ్ ఎందుకు?

ప్రతి జబ్బుకూ ప్రపంచ ఆరోగ్య సంస్థ ఒక నంబర్ ఇచ్చింది. దాని పేరే ఐసీడీ. పదో ఎడిషన్‌కు 1990లో ఆమోదం లభించింది. పదకొండోది 2022 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చినా, చాలా చోట్ల ఇంకా పదోదే నడుస్తోంది. అందులో మూత్రమార్గం ఇరుకవటానికి ఎన్35 అని కోడ్. దెబ్బ వల్ల అయితే ఎన్35.0. ఇన్ఫెక్షన్ వల్ల అయితే ఎన్35.1. కారణమే రాయకపోతే ఎన్35.9.

అమెరికా వాళ్లు 2015 అక్టోబర్ 1 నుంచి దీన్నే ఇంకా చిన్న ముక్కలు చేసుకుని వాడుతున్నారు. హైదరాబాద్‌లో కూర్చుని అక్కడి ఆస్పత్రుల బిల్లులకు కోడ్లు వేసే మన కుర్రాళ్లకు ఇవి బాగా తెలుసు. మగవారిలో దెబ్బ వల్ల వచ్చిన స్ట్రిక్చర్ మూత్రద్వారం దగ్గరైతే ఎన్35.010, బల్బార్ భాగంలో ఎన్35.011, మెంబ్రేనస్‌లో ఎన్35.012, ముందు భాగంలో ఎన్35.013. ఒకటి కంటే ఎక్కువ భాగాలకు పాకితే ఎన్35.016. ఎక్కడో డాక్టర్ రాయకపోతే ఎన్35.014. కోడర్ ఊహించి వేయటానికి వీల్లేదు, డాక్టర్‌నే అడగాలి.

చాలామంది పొరబడేది ఒకచోట. యాక్సిడెంట్ తర్వాత ఆస్పత్రిలో యూరిన్ పైపు వేశారు, ఆ తర్వాత ధార సన్నబడింది అనుకుందాం. ఇరుకవటానికి కారణం దెబ్బా, పైపా? పైపు వల్లో, ఆపరేషన్ వల్లో వచ్చిందని డాక్టర్ తేలిస్తే కోడ్ ఎన్35 కాదు, ఎన్99.1. అమెరికా పద్ధతిలో ఒకే స్ట్రిక్చర్‌కు ఈ రెండూ కలిపి వేయకూడదు. ఏ ఆస్పత్రికైనా ఇది కాస్త ఇబ్బంది పెట్టే ప్రశ్నే. అందుకే కేస్ షీట్‌లో కారణం స్పష్టంగా ఉండాలి.

పేషెంట్‌కు దీనితో పనేంటి అంటారా? పని ఉంది. బీమా క్లెయిమ్ అయినా, ప్రమాద పరిహారం కేసు అయినా.. ఇప్పటి జబ్బుకూ అప్పటి దెబ్బకూ సంబంధం కాగితం మీద కనపడాలి. ‘స్ట్రిక్చర్’ అని ఒక్క మాట రాసి వదిలేస్తే ఎన్35.9 పడుతుంది, ఆ లింకు తెగిపోతుంది. ఆరోగ్యశ్రీగా 2007లో మొదలై ఇప్పుడు ఎన్టీఆర్ వైద్యసేవగా నడుస్తున్న పథకంలో ఆపరేషన్‌కు వాడే ప్యాకేజీ కోడ్ వేరు, ఈ జబ్బు కోడ్ వేరు. రెండూ ఒకటే అనుకోవద్దు.

డాక్టర్ దగ్గరకు వెళ్లినప్పుడు పాత దెబ్బ సంగతి, అది ఏ సంవత్సరం, అప్పట్లో పైపు వేశారా లేదా అన్నది దాచకుండా చెప్పాలి. పాత డిశ్చార్జి సమ్మరీ, ఎక్స్‌రేలు తీసుకెళ్లాలి. ధార వేగం కొలిచే యూరోఫ్లో, మందు ఎక్కించి తీసే ఆర్జీయూ ఎక్స్‌రేతో ఇరుకు ఎక్కడుందో, ఎంత పొడవుందో తెలుస్తుంది. ఆ వివరం డిశ్చార్జి సమ్మరీలోకి ఎక్కిందో లేదో ఇంటికి బయల్దేరే ముందే చూసుకోవాలి.

ఇక అప్పుడే దెబ్బ తగిలి మూత్రద్వారం దగ్గర రక్తం కనపడితే, లేదా మూత్రం అసలు రాకపోతే, ఊళ్లో ఎవరితోనూ పైపు వేయించుకోవద్దు. సగం చిరిగిన మార్గం పూర్తిగా తెగిపోయే ప్రమాదం ఉంది. నేరుగా యూరాలజిస్ట్ ఉన్న పెద్దాస్పత్రికే వెళ్లాలి.