పూటకూళ్ళ ఇంటి నుంచి రెస్టారెంటు దాకా

పిల్లలూ! ఈసారి మీరు పెద్దవాళ్ళతో బజారుకు వెళ్ళినప్పుడు ఒక పని చేయండి. తినడానికి ఏమైనా దొరికే చోట్ల పైన ఉండే బోర్డులన్నీ వరుసగా చదవండి. ఒకటి 'హోటల్' అంటుంది. ఒకటి 'మెస్' అంటుంది. ఇంకొకటి 'టిఫిన్ సెంటర్', ఆ పక్కది 'ఫ్యామిలీ రెస్టారెంట్'. లోపలికి తొంగిచూస్తే అన్నిచోట్లా ఉండేది ఒకటే: ఒక పొయ్యి, వండేవాడు, వడ్డించేవాడు, ఆకలిగొని వచ్చినవాడు. మరి ఇన్ని పేర్లు ఎందుకు? ఇవి ఎక్కడి నుంచి వచ్చాయి?

ఈ ప్రశ్న అడగడానికి మా వెంకటగిరికోట కంటే మంచి చోటు లేదు. మాది మూడు భాషలు కలిసే సీమ. మదనపల్లె, పుంగనూరు, పలమనేరుల మీదుగా వచ్చిన రోడ్డు మా ఊరు దాటి కుప్పానికి పోతుంది. పడమటి దిక్కుకు పోతే కోలారు బంగారు గనుల సీమ వస్తుంది. అక్కడ బోర్డుల మీద కన్నడం, భోజనానికి పేరు 'ఊట'. తూర్పుదిక్కున ఘాట్ దిగితే పేర్ణంబట్టు, గుడియాత్తం వస్తాయి. అక్కడ అరవం, భోజనానికి పేరు 'సాప్పాడు'. తినే చోటును వాళ్ళు 'ఉణవగం' అని కూడా రాస్తారు. ఈ మూడు చోట్లా బోర్డు మీద కనబడే మాట మాత్రం ఒకటుంది. అదే రెస్టారెంటు. ముందు దాని కథ చెప్పుకుందాం.

కషాయం పేరు ఇంటికి వచ్చింది

రెస్టారెంటు అన్నది ఫ్రెంచి మాట. ఫ్రెంచివాళ్ళు చివరి 'ట'ను పలకరు. 'రెస్తొరాఁ' అన్నట్టు ముక్కుతో ముగిస్తారు. దీని వెనక లాటిన్ భాషలోని ఒక క్రియ ఉంది. చెడిపోయినదాన్ని మళ్ళీ బాగుచేయడం, పోయిన బలాన్ని తిరిగి తెప్పించడం అని దాని అర్థం. కనుక 'రెస్తొరాఁ' అంటే 'సత్తువ తెప్పించేది' అన్నమాట.

అయితే మొదట ఈ పేరు ఇంటికి కాదు, ఒక కషాయానికి! మాంసాన్ని నీళ్ళలో గంటల తరబడి కాచి, వడగట్టి తీసిన చిక్కని రసం అది. నీరసపడినవాళ్ళకూ, జబ్బుపడి లేచినవాళ్ళకూ ఇచ్చేవారు. జ్వరం తగ్గినప్పుడు మీ అమ్మమ్మ రాగిజావ కాచి ఇస్తుంది చూశారూ, అటువంటిదే.

1760 దాటిన తరువాత పారిస్ నగరంలో ఈ రసం అమ్మే అంగళ్ళు వెలిశాయి. 1766 ప్రాంతంలో మతురాన్ రోజ్ ద షాంత్వాజో అనే ఆయన అటువంటిది ఒకటి తెరిచాడు. అంతకు ముందు ఏడాది బులాంజే అనేవాడు మొట్టమొదటి రెస్టారెంటు పెట్టాడని ఒక కథ చాలా పుస్తకాల్లో ఉంది. కాని తరువాత చరిత్రకారులు వెదికితే ఆనాటి ఆధారమేదీ దొరకలేదు. అచ్చులో ఉన్న ప్రతిదీ నిజం కాదని మీరు గుర్తుపెట్టుకోవడానికి ఈ సంగతి చెబుతున్నాను.

ఆ కొత్త అంగళ్ళలో విశేషం ఏమిటంటారా? అంతకుముందు అక్కడి సత్రాల్లో ఒక వేళకే భోజనం పెట్టేవారు. అందరూ ఒకే పొడవాటి బల్ల దగ్గర కూర్చోవాలి. ఇంటాయన ఏది వండితే అది తినాలి, ఆయన అడిగినంత ఇవ్వాలి. రెస్టారెంటులో అలా కాదు. నీరసపడినవాడికి ఏ వేళకు ఆకలి అవుతుందో ఎవరికి తెలుసు? కనుక ఎప్పుడు వచ్చినా పెడతారు. ఎవరి బల్ల వారిది. ఏమేమి ఉన్నాయో, ఏది ఎంత ధరో రాసిన కాగితం చేతికిస్తారు. నచ్చినది అడిగి తినవచ్చు. ఆ కాగితమే ఈనాటి 'మెనూ'. క్రమంగా రసంతో పాటు రకరకాల వంటలు చేరాయి. రసం మాయమైంది, దాని పేరు మాత్రం ఇంటికి అంటుకుపోయింది. 1789లో ఫ్రెంచి విప్లవం వచ్చాక పారిస్‌లో ఇవి బాగా పెరిగాయి. 19వ శతాబ్దంలో ఆ మాట ఇంగ్లీషులోకి, అక్కడి నుంచి మన దాకా నడిచి వచ్చింది.

ఇక్కడ ఒక చిన్న చిక్కు. రెస్టారెంటు నడిపేవాణ్ణి ఇంగ్లీషులో 'రెస్టారేటర్' అనాలి. అందులో 'న' శబ్దం లేదు. పెద్ద చదువులు చదివినవాళ్ళు కూడా దాన్ని 'రెస్టారెంటర్' అనేస్తుంటారు. మీరు అనకండి!

ముగ్గురు తోబుట్టువులు

ఇక 'హోటల్' సంగతి. లాటిన్‌లో 'హోస్పెస్' అని ఒక మాట ఉంది. ఇంటికి వచ్చిన అతిథి అనీ, అతిథిని ఆదరించేవాడు అనీ రెండు అర్థాలూ దానికే. దాని నుంచి మూడు మాటలు పుట్టాయి. ఒకటి హాస్పిటల్, రెండు హాస్టల్, మూడు హోటల్. మనం 'ఆస్పత్రి' అనేది ఆ మొదటిదాన్నే. చూశారా! రోగి పడుకునే చోటు, విద్యార్థి ఉండే చోటు, బాటసారి దిగే చోటు తోబుట్టువులన్నమాట. వచ్చినవాణ్ణి ఆదరించడమే మూడింటి పనీ.

ఇంగ్లీషువాళ్ళ దేశంలో హోటల్ అంటే ముఖ్యంగా రాత్రి పడుకోవడానికి గది దొరికే చోటు. మన దగ్గర ఆ అర్థం మారింది. నాలుగు ఇడ్లీలు, ఒక కాఫీ ఇచ్చే పూరిపాక కూడా హోటలే. సంగటి, ఊరుబిండి పెట్టేదీ హోటలే. మనం తప్పుగా వాడుతున్నామా? కాదు. మాటలు కొత్త ఊరికి వెళ్ళినప్పుడు అక్కడి పని నేర్చుకుంటాయి.

'మెస్' అంటే పాత ఫ్రెంచిలో ఒక వడ్డన, ఒక వంటకం. అది సైనికుల భోజనశాలకు పేరై, తరువాత మన విద్యార్థుల దగ్గరకు వచ్చింది. 'కెఫే' అనేది కాఫీకి మరో రూపం. ఆ మాటకు మూలం అరబ్బీ 'కహ్వా'. మన పండితులు వీటన్నిటికీ బదులు 'ఫలహారశాల' అన్నారు. ఫలహారం అంటే నిజానికి పండ్లు తినడం. ఈనాడు ఫలహారశాలలో ఇడ్లీ, దోసె, వడ దొరుకుతాయి, పండు ఒక్కటే దొరకదు!

మన సొంత మాట

ఇన్ని మాటలు బయటి నుంచి వచ్చాయి గదా, మనకంటూ ఒక మాట లేదా అని మీరు అడగవచ్చు. ఉంది. అదే 'పూటకూళ్ళ ఇల్లు'. పూట అంటే ఒక భోజన వేళ. కూడు అంటే అన్నం. పూటకు ఇంత అని తీసుకుని ఇంట్లోనే వండి పెట్టేవారిది పూటకూళ్ళ ఇల్లు. పారిస్ సత్రంలాగే ఇక్కడా వేళకు రావాలి, వండినది తినాలి. ఆ నియమం పేరులోనే ఉంది చూడండి: 'పూట'!

ఇది కొత్త సంగతి కాదు. వినుకొండ వల్లభరాయుడి పేరుతో ఉన్న 'క్రీడాభిరామం' అనే పాత కావ్యం కాకతీయుల ఓరుగల్లును వర్ణిస్తుంది. ఆ నగరంలో ఒక ఇంట్లో ఒక్క రూక ఇస్తే సన్నబియ్యపు అన్నం, గోధుమపిండివంట, పంచదార, నెయ్యి, పెసరపప్పు, అరటిపండ్లు, నాలుగైదు నంజుళ్ళు, గడ్డపెరుగు పెట్టేవారని అందులో ఉంది. అంటే రెస్టారెంటు అనే మాట పారిస్‌లో ఒక అంగడి పేరు కావడానికి ఎన్నో తరాల ముందే మన దేశంలో డబ్బిచ్చి భోజనం చేసే చోటు ఉన్నదన్నమాట. 1892లో మొదటిసారి ఆడిన గురజాడ అప్పారావు గారి 'కన్యాశుల్కం' నాటకంలో పూటకూళ్ళమ్మ ఒక ముఖ్యమైన పాత్ర. ఇంట్లో పొయ్యి, చేతిలో వంట తప్ప ఆధారం లేని ఆడవాళ్ళు ఎందరో ఈ పనితోనే బతుకు వెళ్ళదీశారు.

ఇప్పుడు మా సీమవాళ్ళకు ఒక తమాషా చెబుతాను. తెలుగులో 'ఏడు' అన్నదాన్ని కన్నడంలో 'ఏళు' అంటారు. మన 'కోడి' వాళ్ళకు 'కోళి'. అరవంలోనూ దాదాపు ఇవే. అయితే నాలుక మడిచి పలికే ఒక ప్రత్యేకమైన అక్షరం వాళ్ళకుంది. సరే, ఇదే లెక్కన మన 'కూడు' ఏమవుతుంది? కూళు! అవును. కన్నడంలో కూళు అంటే అన్నం. అరవంలో అదే మాట రాగులతోనో సజ్జలతోనో కాచే అంబలికి పేరు. మూడు రాష్ట్రాల సరిహద్దు దాటినా కుండలోని మాట ఒకటే. అందరికీ ఒకే అవ్వ వండిపెట్టినట్టుగా లేదూ?

పాపం, 'కూడు' అనే మాటకు ఇప్పుడు గౌరవం తగ్గింది. ఇంటికి వచ్చినవారిని "కూడు తిన్నారా?" అని అడిగితే కోపం వస్తుంది. అయినా బతకడానికి కావలసినది చెప్పవలసి వచ్చినప్పుడు మనం 'కూడు, గుడ్డ' అనే అంటాం. అసలైన అవసరానికి అసలైన మాటే నోట వస్తుంది.

అందరూ కూర్చున్నారా?

సత్తువ తెప్పించే చోటు రెస్టారెంటు, అతిథిని ఆదరించే చోటు హోటల్ అని చెప్పుకున్నాం. ఎవరి సత్తువ? ఏ అతిథి? ఈ ప్రశ్న కూడా అడగాలి.

మన దేశంలో చాలాకాలం హోటళ్ళలో కులాన్ని బట్టి పంక్తులు ఉండేవి. కొందరికి లోపల పీట, కొందరికి వాకిట్లో నేల. కొందరికి గుమ్మం దాటే వీలే లేదు. 1970 ప్రాంతాల్లో, నేను చిన్నవాణ్ణిగా ఉన్నప్పుడు, ఒక సంత ఊళ్ళో టీ అంగడి బయట గోడ గూట్లో విడిగా పెట్టిన గ్లాసులు చూశాను. కొందరు కూలివాళ్ళు ఆ గ్లాసు తీసుకుని, టీ తాగి, తామే కడిగి మళ్ళీ అక్కడే పెట్టేవారు. డబ్బు మాత్రం అందరితో సమానంగానే ఇచ్చేవారు. ఎండలో బరువులు మోసిన ఆ మనుషులకు ఆ టీ ఎంత సత్తువ ఇచ్చిందో గాని, ఆ గూడు ఎంత తీసుకున్నదో మీరే ఆలోచించండి.

అందుకే ఈ మాటలు రెండూ మన రాజ్యాంగంలోకి ఎక్కాయి. 1950 జనవరి 26 నుంచి అమలులోకి వచ్చిన రాజ్యాంగంలో 15వ అధికరణం తీసి చూడండి. మతం, జాతి, కులం, ఆడ మగ తేడా, పుట్టిన చోటు అనే కారణాలతో దుకాణాల్లోకి, రెస్టారెంట్లలోకి, హోటళ్ళలోకి, వినోదశాలల్లోకి రాకుండా ఏ పౌరుణ్ణీ ఆపరాదని అందులో ఉంది. పక్కనే బావులు, చెరువులు, రోడ్ల మాట కూడా ఉంది. నీళ్ళు, దారి, అన్నం: మనిషికి కావలసినవి అవే గదా! 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది.

1955లో దీనికోసం ఒక చట్టం కూడా చేశారు. 1976 నుంచి దాని పేరు పౌర హక్కుల పరిరక్షణ చట్టం. చట్టం రాసినవారు చాలా జాగ్రత్తపడ్డారు. "మాది హోటల్ కాదు, కాఫీ క్లబ్బు" అని ఎవరైనా తప్పించుకోకుండా, హోటల్ అంటే కాఫీ హౌస్, కెఫే, భోజన వసతి గృహం మొదలైనవన్నీ వస్తాయని అర్థం చెప్పారు. అంతేకాదు, రెస్టారెంటులో, ధర్మశాలలో, సరాయిలో అందరి వాడకానికి ఉంచిన గిన్నెలూ గ్లాసులూ అంటరానితనం పేరుతో ఎవరికైనా ఇవ్వకపోవడం నేరమని విడిగా రాశారు. చూశారా, ఒక మాటకు అర్థం సరిగ్గా చెప్పడం నిఘంటువులో పని మాత్రమే కాదు. ఒక మనిషి చేతికి గ్లాసు అందించే పని కూడా.

చట్టం వచ్చినంతమాత్రాన గూళ్ళన్నీ మాయం కాలేదు. రెండు గ్లాసుల పద్ధతి ఇంకా అక్కడక్కడా ఉన్నట్టు వార్తలు వస్తూనే ఉన్నాయి. అటువంటిది కంటపడితే అది తప్పని మీకు తెలియాలి, మీ పెద్దలతో చెప్పాలి. మీ బడిలో మధ్యాహ్నం భోజనం ఉంది గదా! ఆంధ్రప్రదేశ్‌లో 2024 నుంచి దానికి డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు. ఆమె 1841 నుంచి 1909 వరకు జీవించారు. గోదావరి లంకల దారిలో వచ్చే బాటసారులకు, వేళ అనక, వారెవరని అడగక అన్నం పెట్టిన తల్లి. రెస్టారెంటు అనే మాట ఆమె ఎప్పుడైనా విన్నదో లేదో గాని, ఆ మాటకు అర్థం చేసి చూపించింది. ఆ పేరు పెట్టుకున్న పంక్తిలో మీ పక్కన ఎవరు కూర్చున్నా సరే, జరిగి చోటివ్వండి.

మీకు పని

ఒక నోటుపుస్తకం తీసుకోండి. మీ ఊళ్ళో తినే చోట్లకు ఉన్న పేర్లన్నీ రాయండి. ఎదురుగా ఆ మాట ఏ భాషదో రాయండి. తరువాత మీ అవ్వనో తాతనో అడగండి: వాళ్ళ చిన్నప్పుడు అటువంటి చోటును ఏమనేవారు? అక్కడ ఏమి దొరికేది? ధర ఎంత? ఎవరెవరు లోపల కూర్చునేవారు, ఎవరు బయట నిలబడేవారు? చివరి ప్రశ్నకు జవాబు చెప్పడానికి వాళ్ళు కాస్త తటపటాయించవచ్చు. ఓపికగా వినండి, విన్నది విన్నట్టు రాసుకోండి. ఇప్పుడు మీరు వెళ్ళే హోటల్లో అందరూ ఒకే బల్ల దగ్గర కూర్చుంటున్నారో లేదో చూసి, అది కూడా ఆ పక్కనే రాయండి.