బేడీల బొమ్మకు మూడు లక్షల మెజారిటీ

చేతికి సంకెళ్లు. గొలుసుతో సహా పైకెత్తిన చెయ్యి. 1977 ఎన్నికల్లో బిహార్‌లోని ముజఫర్‌పూర్‌ ఓటర్లు చూసింది జార్జి ఫెర్నాండెజ్‌ని కాదు, ఆ ఫొటోని. అభ్యర్థి జైల్లో ఉన్నారు మరి, బరోడా డైనమైట్‌ కేసులో!

ఫాదర్‌ అవుతాడని ఇంట్లోవాళ్లు సెమినరీకి పంపితే మధ్యలోనే వదిలేసి, బొంబాయి చేరి చౌపాటీలో పడుకున్న మంగళూరు కుర్రాడాయన. 1967లో దక్షిణ బొంబాయిలో కాంగ్రెస్‌ దిగ్గజం ఎస్‌.కె.పాటిల్‌నే ఓడించారు.

అసలు కథ 1974లోది. రైలు డ్రైవర్లు పద్నాలుగు, పదహారు గంటలు ఇంజిన్‌ మీదే గడిపే రోజులవి. ఎనిమిది గంటల పని, బోనస్‌ కావాలంటూ మే 8న దాదాపు 17 లక్షలమంది సమ్మెకు దిగారు. ఫెర్నాండెజ్‌ని మే 2నే లక్నోలో అరెస్టు చేశారు. వేలమంది జైలుపాలయ్యారు. క్వార్టర్ల నుంచి పిల్లాజెల్లాతో సహా బయటికి గెంటారు. ఇరవై రోజులకు, ఏమీ దక్కకుండానే, సమ్మె ఆగింది. ఏడాది తిరిగేసరికి ఎమర్జెన్సీ. దానికిది రిహార్సల్‌ అన్నవాళ్లున్నారు, అతిశయోక్తి అనిపించదు.

ముజఫర్‌పూర్‌లో ఫెర్నాండెజ్‌ మూడు లక్షలకు పైగా ఆధిక్యంతో గెలిచారు, కేంద్రమంత్రి అయ్యారు. సమ్మెలో ఉద్యోగాలు పోయినవాళ్లను జనతా ప్రభుత్వం వెనక్కి తీసుకుంది. బోనస్‌ మాత్రం 1979లో గానీ రాలేదు.