పల్లెపాటకు క్రొత్త పందిరి

వరంగల్లు సీమలోని పాలకుర్తి 2016లో జరిగిన జిల్లాల పునర్విభజనతో జనగామ జిల్లాలో చేరినది. పాల్కురికి సోమనాథుని జన్మస్థలమని ఈ గ్రామమునకు ప్రసిద్ధి. పోతన పేరుతో ముడివడిన బమ్మెర దీనికి చేరువనే కలదు. సోమనాథుడు బసవపురాణమును చంపూమార్గమున గాక ద్విపదలో రచించెను. ద్విపద పాడుటకు అనువైనది. అక్షరము రానివాడును దానిని విని జ్ఞాపకముంచుకొనగలడు. పండితారాధ్యచరిత్రమున ఆయన తుమ్మెదపదములను, వెన్నెలపదములను, గొబ్బిపదములను పేర్కొనుట ఉపాధ్యాయు లెఱిగినదే. కావ్యము ఎవరి చెవిని పడవలెనో తెలిసి ఆ కవి దాని రూపము నెన్నుకొనెను. సెల్‌ఫోను నేడు మన వినోదమునందు తెచ్చిన మార్పును పరిశీలించుటకు ఇది మంచి గీటురాయి.

గత శతాబ్దిలో సినిమా, రేడియో వచ్చినవి. 1977లో హైదరాబాదున దూరదర్శన్ కేంద్రము, 1995లో ఈటీవీ, జెమిని వంటి ప్రైవేటు ఛానళ్ళు వెలసినవి. ఇవి యన్నియు ఒక వేళకు కట్టుబడినవి. ఏది ప్రసారము కావలెనో నిర్ణయించువారు నగరములలో నుండెడివారు. 2005లో యూట్యూబు పుట్టినది. 2016లో జియో రాకతో ఇంటర్నెట్టు చౌకయై పల్లెకు చేరినది. 2020లో 'ఆహా' అను తెలుగు ఓటీటీ వేదిక వచ్చినది. వేళ ఇప్పుడు ప్రేక్షకుని చేతిలోనిది.

దీనివలన కలిగిన మేలు చిన్నది కాదు. జగిత్యాల జిల్లా లంబాడిపల్లి యువకులు 2012లో 'మై విలేజ్ షో' పేర యూట్యూబు చిత్రములు తీయ నారంభించిరి. వానిలో నటించిన గంగవ్వ వ్యవసాయ కూలిగా బ్రదికిన వృద్ధురాలు. ఆమె 2020లో 'బిగ్ బాస్' వరకు వెళ్ళినది. వెండితెరపై చాలకాలము హాస్యగానికో, ప్రతినాయకునికో పరిమితమైన తెలంగాణ పలుకుబడి, ఈ చిత్రములలో ఇంటిమాటగా వినవచ్చినది. ఎవరి అనుమతియు అడుగకయే ఒక ఊరు తన కథను తాను చెప్పుకొనగలిగినది.

అంతకంటె విచిత్రమైనది 'బలగం' కథ. వేణు యెల్దండి దర్శకత్వమున 2023 మార్చిలో విడుదలయైన ఈ చిత్రము, ఆ నెలలోనే ఓటీటీలో వచ్చినది. ఒంటరిగా చూచుకొనుటకు వచ్చిన చిత్రమును తెలంగాణ పల్లెలు ఒంటరిగా చూడలేదు. ఊరి నడుమ తెర కట్టి, ఆబాలగోపాలము నేలపై కూర్చుండి చూచి కన్నీరు పెట్టిరి. అనుమతి లేని ప్రదర్శనలపై నిర్మాతలు పోలీసులకు ఫిర్యాదు చేసిరి. వారి నష్టము వారిది. అయినను పల్లెకు కథ యనగా నలుగురు కూడి వినునదే యని ఆ తెరలు తెలిపినవి.

ఆ చిత్రము చివర కుటుంబపు కథను పాడి ఏడ్పించినవారు వరంగల్లు జిల్లా దుగ్గొండి ప్రాంతపు బుడిగజంగాల కళాకారులు మొగిలయ్య, కొమురమ్మ దంపతులు. ఆ పాట ఫోనులలో ఊరూర మ్రోగినది. మొగిలయ్య మాత్రము మూత్రపిండముల వ్యాధితో బాధపడి 2024 డిసెంబరులో కన్నుమూసెను. పాటకు కలిగిన కీర్తి గాయకుని బ్రతుకునకు భరోసా కాలేదు. చూచినవారి లెక్క క్షణమున తెలియును. పాడినవాని యింటికి చేరిన దెంత యన్నది ఎవరికిని కనబడదు.

పాలకుర్తి పరిసరములందు ఈ ప్రశ్న మరింత సూటిగా తగులును. పొరుగున నున్న దేవరుప్పుల మండలమునకు చెందిన చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యకు 2024లో పద్మశ్రీ లభించినది. జనగామ ప్రాంతపు ఒగ్గుకథకుడు చుక్క సత్తయ్య 2004 సంవత్సరపు సంగీత నాటక అకాడమీ పురస్కారము నందుకొని, 2017లో దివంగతుడయ్యెను. ఒగ్గుకథలో ప్రధాన కథకుని మాటకు సహాయకుడు ఎదురుమాట కలుపును. కూర్చున్నవారి ముఖములు చూచి కథకుడు ఒక ఘట్టమును పెంచును, మరొకదానిని కుదించును. రాత్రి పొడవునను సాగు ఆటను నిమిషపు ముక్కగా కోసినచో మిగులునది దరువు మాత్రమే. ఫోనులోని తెర మన ముఖమును చూచి కథ మార్చదు. మన వ్రేలు ఎచట ఆగినదో గమనించి, అటువంటిదే మరల వడ్డించును.

అట్లని ఫోనును దూషించి ప్రయోజనము లేదు. అరచేతి యంత్రముతో నేడు విద్యార్థియే ఒక పూర్తి కథను పదిలపరుపగలడు. ఉపాధ్యాయులు తలచినచో సంవత్సరమున కొకసారి సమీపగ్రామపు కథకుని పాఠశాలకు పిలిపింపవచ్చును. ఆయన అనుమతితో కథను ఆద్యంతము చిత్రించి, కథకుని పేరు, ఊరు, గురువు పేరు దానికి జతపరుపవలెను. విద్యార్థులు ఆ మాటలకు అర్థములు వ్రాసికొనవలెను. ఒకరిద్దరు తాళము పట్టుట నేర్చినను మేలే. వచ్చిన కళాకారునికి శాలువతో పాటు తగిన పారితోషికమును ముట్టజెప్పుట మరువరాదు. ఆ రాత్రి ఆయన ఇంట పొయ్యి వెలుగవలసినది దానితోనే.