కొండ చూసొచ్చాక జ్వరమా?

పాతపట్నంలో నీలమణి దుర్గమ్మను దర్శించుకుని, పర్లాకిమిడి మీదుగా ఒడిశాలోని మహేంద్రగిరికి వెళ్తున్నారా? 1,501 మీటర్ల ఎత్తున్న ఈ కొండపై కుంతి, భీముడు, ధర్మరాజుల పేర పాత రాతి గుళ్లున్నాయి. గైడు దారి చూపిస్తారు గానీ దోమల నుంచి కాపాడలేరు. మన్యంలో మలేరియా ముప్పుంది. ఈ దోమలు ఎక్కువగా చీకటి పడ్డాక, తెల్లవారేలోపు కుడతాయి. ఒళ్లంతా కప్పే దుస్తులు వేసుకోండి. రాత్రి బస చేస్తే దోమతెర కట్టుకోండి.

ప్రమాదకరమైన ఫాల్సిపారం మలేరియా వెంటనే బయటపడదు. సాధారణంగా 7-14 రోజులు పడుతుంది. అప్పటికి యాత్ర సంగతే మరచిపోతాం. అందుకే కొన్ని వారాల తర్వాతైనా సరే, జ్వరం వస్తే మాత్రలతో సరిపెట్టుకోవద్దు. అదే రోజు రక్తపరీక్ష చేయించుకోండి. కొండకు వెళ్లొచ్చిన సంగతి డాక్టరుకు ముందే చెప్పండి. చికిత్స ఆలస్యమైతే ప్రాణాల మీదికి రావొచ్చు.