వారం వారం టెన్షన్.. యండమూరి సస్పెన్స్ అసలు కిటుకు ఇదే!

వెబ్ సిరీస్‌లో ఎపిసోడ్ అయిపోగానే 'నెక్స్ట్' నొక్కేస్తాం. అదే ఏడు రోజులు ఆగాల్సి వస్తే? 1980లలో తెలుగు పాఠకులది అదే పరిస్థితి. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ లాంటి టౌన్లలో టీవీ ఇంకా ఇంటింటికీ రాని రోజులవి. సస్పెన్స్ కావాలంటే వీక్లీ కొనాలి, లేదంటే అద్దెకు నవల తెచ్చుకోవాలి. ఆ రోజుల్లో టాప్ పేరు.. యండమూరి వీరేంద్రనాథ్.

1948లో తూర్పు గోదావరి జిల్లా రాజోలులో పుట్టిన యండమూరి చదివింది చార్టర్డ్ అకౌంటెన్సీ. మొదట్లో నాటకాలు రాశారు. ఆంధ్రభూమి వీక్లీలో వచ్చిన 'తులసిదళం'తో సీన్ మారిపోయింది.

చిన్న పాప మీద చేతబడి.. ఇదీ కథ. ప్రమాదం ఎటు నుంచి వస్తోందో పాఠకుడికి తెలుసు, పాప ఇంట్లో వాళ్లకు తెలీదు. కిటుకంతా ఇక్కడే ఉంది. ఎవరు చేశారన్నది దాచిపెడితే అది మిస్టరీ. ఏం రాబోతోందో ముందే చెప్పేసి, 'తప్పించుకుంటారా లేదా' దగ్గర ఆపేస్తే అది సస్పెన్స్. ఆపైన వారం గ్యాప్ ఎలాగూ ఉంది!

అయితే విమర్శలూ గట్టిగానే వచ్చాయి. జనంలో మూఢనమ్మకాలు పెంచుతున్నారంటూ రచయిత్రి రంగనాయకమ్మ ఏకంగా పుస్తకమే రాశారు. ఆ కోపాన్ని తీసిపారేయలేం. చేతబడి చేశారన్న అనుమానంతో మనుషుల్ని కొట్టి చంపిన ఘటనలు తెలుగు రాష్ట్రాల్లో ఇప్పటికీ వార్తల్లోకి వస్తున్నాయి మరి.

దెయ్యాలు, మంత్రాలు లేకపోయినా ఆయన కిటుకు పనిచేసింది. 'అభిలాష'లో ఉరిశిక్ష రద్దు కావాలని ఓ లాయర్ కావాలనే హత్య కేసులో ఇరుక్కుంటాడు. ప్లాన్ తేడా కొడుతుంది. అతను నిర్దోషి అని మనకు తెలుసు, కోర్టుకు తెలీదు. 1983లో చిరంజీవి హీరోగా సినిమా కూడా వచ్చింది.

ఇక టీవీ సంగతి. అమెరికాలో 1955లో మొదలైన 'ఆల్‌ఫ్రెడ్ హిచ్‌కాక్ ప్రెజెంట్స్' కూడా చాలా ఎపిసోడ్లకు అచ్చయిన కథల్నే వాడుకుంది. మన దగ్గర యండమూరి తన 'వెన్నెల్లో ఆడపిల్ల' నవలను దూరదర్శన్ కోసం తనే డైరెక్ట్ చేశారు. ఓ చెస్ ఆటగాడికి ముక్కూమొహం తెలియని అమ్మాయి ఫోన్ చేస్తుంది. తన నంబర్ కనుక్కోమని పజిల్ ఇస్తుంది. ఇప్పుడైతే ట్రూకాలర్ ఉంది, కథ ఫస్ట్ సీన్‌లోనే క్లోజ్! క్లైమాక్స్ మాత్రం చెప్పం, చదవని వాళ్లు తిడతారు. ఇదే కథతో 1995లో కన్నడలో అనంత్ నాగ్ హీరోగా 'బెళదింగళ బాలె' సినిమా వచ్చింది.